చేయని తప్పుకు దొరికిన క్షమ

ఆ రోజు పొద్దున కూడా హజ్జా ఫిద్దా రొట్టె దగ్గరే గొడవ మొదలుపెట్టింది.

"ఇది రొట్టెనా, చెప్పు అట్టనా? ముసలిదానికి మిగిలిన నాలుగు పళ్ళు కూడా ఊడగొడదామనా?" అని కొడుకు మీద విసుక్కుంది.

ఖల్దూన్ నవ్వేసి, రొట్టె ముక్కను ఆలివ్ నూనెలో నానబెట్టి తల్లి చేతికిచ్చాడు. సల్త్ పట్టణంలో మెట్ల వీధి మొదట్లో అతనికి కాఫీ గింజలు వేయించి అమ్మే దుకాణం ఉంది. ఎన్నిసార్లు స్నానం చేసినా అతని చొక్కాలకు యాలకుల వాసన పోదు. అతని భార్య నజాత్ గ్లాసుల్లో టీ పోస్తోంది. కూతురు జుమానా కిటికీ దగ్గర కూర్చుని జున్ను, దోసకాయ ముక్కలు తింటోంది.

అంతలో ఫోను మోగింది.

ఆ ఇంట్లో ఫోను మోగితే అందరూ మాట ఆపేయడం కొన్ని నెలలుగా అలవాటైపోయింది. నజాత్ టీ కెటిలు కింద పెట్టి ఫోను తీసింది. "అవును... నేనే... సరే, వస్తాను," అని పెట్టేసింది.

"విచారణ కమిటీ వాళ్ళు. ఈ పూటే రమ్మన్నారు."

"నేనూ వస్తా," అన్నాడు ఖల్దూన్ లేస్తూ.

"వద్దు. నీ దుకాణం నువ్వు చూసుకో."

"నజాత్, వాళ్ళు ఏం తేల్చినా నువ్వు దిగులు పడకు. ఏది ఏమైనా నీకు మేమున్నాం."

ఆమె అతని వైపు ఒక్క క్షణం చూసింది. "ఏది ఏమైనా అంటే?"

"అంటే... ఏం లేదులే."

"ఏం తేలుస్తారు వాళ్ళ మొహం!" అంది హజ్జా ఫిద్దా. "ఇరవై ఏళ్ళుగా ఈ ఇంట్లో దీనితో కొట్లాడుతున్నా. నా టీలో రెండో చెంచా పంచదార వేసుకోనివ్వదు, డాక్టరు చెప్పాడట! ఇలాంటి మొండిఘటం పరీక్ష పేపరు దొంగిలిస్తుందా? దొంగతనానికి కాస్త సర్దుకుపోయే గుణం ఉండాలి. అది దీనికి లేదు."

జుమానా ఫక్కున నవ్వింది. నజాత్ కూడా నవ్వబోయింది కానీ, ఆ నవ్వు పెదాల దాకా వచ్చి ఆగిపోయింది. తలకు స్కార్ఫు చుట్టుకుని, వీధి మెట్ల మీదుగా కాకుండా ఇంటి వెనక సందులోంచి వెళ్ళింది. ఆరు నెలల క్రితం వరకు ఆమె ఆ మెట్లు దిగుతుంటే ప్రతి గుమ్మంలోంచీ "మిస్ నజాత్, సుప్రభాతం!" అని పలకరింపులు వినిపించేవి.

జరిగింది ఇది. నజాత్ ఆడపిల్లల బడిలో లెక్కల టీచరు, ఉప ప్రధానోపాధ్యాయిని కూడా. తౌజీహీ అనే చివరి పబ్లిక్ పరీక్షలకు ఆ బడి ఒక కేంద్రం. ఆ వేసవిలో ప్రధానోపాధ్యాయిని ఆపరేషన్ కోసం ఆసుపత్రిలో చేరింది. ప్రశ్నపత్రాల బీరువా తాళం నజాత్‌కు అప్పగించారు. "మా అమ్మాయి కూడా ఈ ఏడే రాస్తోంది, ఇంకెవరికైనా ఇవ్వండి," అని ఆమె పైవాళ్ళకు చెప్పింది. "మీ అమ్మాయి రాసేది వేరే కేంద్రంలో కదా, ఫరవాలేదు," అన్నారు వాళ్ళు.

లెక్కల పరీక్ష రోజు పొద్దున్నే ఆ ప్రశ్నపత్రం ఫోటో పిల్లల ఫోన్లలో తిరిగింది. పేపర్లు దాచిన ప్రతి చోటా సోదా చేశారు. నజాత్ బీరువాలోని ఒక కట్ట మీద సీలు ఒక అంచున ఊడి ఉంది. ఎండకు జిగురు కరిగిందని ఆమె చెప్పింది. అంతకు మించి చెప్పడానికి ఆమె దగ్గర ఏమీ లేదు. తాళం ఆమె దగ్గరుంది. కూతురు అదే పరీక్ష రాసింది. లెక్కల్లో ఎప్పుడూ అంతంత మాత్రంగా ఉండే ఆ కూతురు ఈసారి బాగా రాశానని నలుగురికీ చెప్పుకుంది. ఊరికి ఇంకేం కావాలి?

నజాత్‌ను ఉద్యోగం నుంచి తాత్కాలికంగా ఆపేశారు. జుమానా ఫలితాన్ని నిలిపేశారు. ఫార్మసీ చదువుతానని కలలు కన్న పిల్ల, తోటివాళ్ళంతా యూనివర్సిటీ బస్సులెక్కుతుంటే కిటికీ దగ్గర కూర్చుండిపోయింది. రాజీ కుదర్చడానికి పెద్దలు కలిసి వెళ్ళే ప్రతి జాహాకూ ముందు నడిచే పెద్దమనిషి, పక్కింటి హాజీ దైఫల్లా, ఏటా ఆలివ్‌ల కోతకు ఈ ఇంటివాళ్ళనే మొదట పిలిచేవాడు. ఆ ఏడు పిలవలేదు. మనవరాలిని ఆ బడి మాన్పించి మరో బడిలో వేశాడు. ఒక చావింటికి పరామర్శకు వెళితే, నజాత్ లోపలికి అడుగు పెట్టగానే ఆడవాళ్ళంతా మాటలు ఆపేశారు. ఆమె ఖర్జూరం ముక్క కూడా నోట్లో వేసుకోకుండా తిరిగొచ్చింది. ఆ తర్వాత ఎవరింటికీ వెళ్ళలేదు.

ఖల్దూన్ భార్యను ఒక్క మాట అనలేదు. వకీలును పెట్టాడు. సరుకులు తనే తెచ్చాడు. బజారులో ఎవడో నోరు జారితే వాడి చొక్కా పట్టుకున్నాడు కూడా. ఊళ్ళో అందరూ "మొగుడంటే అతనే," అన్నారు.

కానీ అతని మనసులో ఒక మాట ఉంది. పరీక్షకు ముందు రోజు నజాత్ కూతుర్ని కూర్చోబెట్టుకుని, "ఇలాంటివి రావచ్చు, బాగా చూసుకో," అంటూ కొన్ని లెక్కలు చేయించింది. వాటిలో రెండు దాదాపు అలాగే వచ్చాయి. అన్నేళ్ళుగా పాఠం చెబుతున్న టీచరు ఆ మాత్రం ఊహించగలదని అతనికి తోచలేదు. 'కూతురి కోసం కక్కుర్తి పడింది,' అనుకున్నాడు. ఒకరోజు జుమానా తనంతట తానే వచ్చి, "నాన్నా, అమ్మ నాకే పేపరూ చూపించలేదు," అంది. "సరే తల్లీ," అని తల నిమిరాడు. తల్లిని కాపాడుకోవడానికి పిల్ల అలా చెబుతోందని అనుకున్నాడు. 'తల్లి కదా, పోనీలే,' అని మనసులోనే భార్యను క్షమించేశాడు. అలా క్షమించగలిగినందుకు తన మీద తనకే కాస్త గౌరవం కూడా కలిగింది.

నజాత్ మధ్యాహ్నానికి తిరిగి వచ్చింది. తలుపు తోసుకుని వచ్చి, స్కార్ఫు విప్పకుండానే సోఫా అంచున కూర్చుంది. ఖల్దూన్ దుకాణం మూసి అప్పటికే వచ్చి ఉన్నాడు.

"ఏమన్నారమ్మా?" అంది జుమానా.

"తేలిపోయింది. పేపరు బయటికి పోయింది ఇక్కణ్ణుంచి కాదట. ఎక్కడో వేరే ఊళ్ళో, కట్టలు దాచిన చోట కాపలా ఉన్నవాళ్ళు అమ్ముకున్నారట. పట్టుబడి ఒప్పుకున్నారు. నన్ను ఆదివారం నుంచి బడికి రమ్మన్నారు. నీ ఫలితం కూడా ఇచ్చేస్తారట."

జుమానా తల్లిని వాటేసుకుని ఏడ్చేసింది. హజ్జా ఫిద్దా కర్రను నేలకేసి కొట్టి, పెళ్ళిళ్ళలో ఆడవాళ్ళు పెట్టే కూత పెట్టింది. "వినండ్రా! ఈ గోడల అవతల ఉన్నవాళ్ళంతా వినండి! కిటికీలు తెరవవే జుమానా!"

ఖల్దూన్ వాళ్ళ వైపు ఒక అడుగు వేసి ఆగిపోయాడు. 'చేయలేదు. ఆమె చేయనే లేదు.' సంతోషించాల్సిన మనిషికి సంతోషం రాలేదు.

"అల్‌హమ్దులిల్లా," అన్నాడు ఎలాగో.

నజాత్ అతని వైపు తిరిగింది. "కమిటీ పెద్దాయన మంచివాడు. లేచి నిలబడి మరీ క్షమాపణ చెప్పాడు. చెప్పి ఊరుకోలేదు. 'అమ్మా, మీ విషయం మూడో వారంలోనే తేల్చేద్దామనుకున్నాం, సీలు ఎండకు ఊడిందని మాకూ తెలిసింది. కానీ మీవారు చెప్పిన మాటతో ఆగాల్సి వచ్చింది,' అన్నాడు."

జుమానా తల్లిని వదిలి తండ్రి వైపు చూసింది.

"ఏం చెప్పావు ఖల్దూన్?" అని అడిగింది నజాత్.

అతను తల వంచుకున్నాడు.

"నీ నోటితోనే వినాలి. చెప్పు."

"నన్ను పిలిచి అడిగారు. ఇంట్లో ఏమైనా అందా అని. నేను... 'అయ్యా, ఆవిడ తల్లి. పిల్ల భవిష్యత్తు అనేసరికి ఏ తల్లికైనా మనసు చలిస్తుంది. ఏదైనా పొరపాటు జరిగుంటే దయచేసి పెద్దది చేయకండి,' అన్నాను. నీ కోసమే నజాత్. నిన్ను వదిలేస్తారని."

"నా కోసం!"

"చేతులు పట్టుకుని బతిమాలాను. ఒట్టు."

"బతిమాలావు, నిజమే. కన్నవాళ్ళో కట్టుకున్నవాళ్ళో అంత బతిమాలుతున్నారంటే ఏదో జరిగే ఉంటుందని వాళ్ళనుకున్నారు. నేను ఆ గదిలో ప్రతిసారీ 'నేను చేయలేదు' అంటుంటే, వాళ్ళు నా మొహం వంక జాలిగా ఎందుకు చూసేవాళ్ళో ఇవాళ తెలిసింది." ఆమె గొంతు పెరగలేదు. పెరిగి ఉంటే బాగుండేదని అతనికి అనిపించింది. "ఈ ఆర్నెల్లలో ఒక్కసారి, 'నజాత్, నువ్వు చేశావా' అని అడిగావా?"

"అడిగితే నువ్వు బాధపడతావని..."

"అడిగితే లేదని చెప్పేదాన్ని. నువ్వు అడగకపోతే, నామీద నీకు అంత నమ్మకం అనుకున్నా. ఊరంతా మొహం తిప్పుకున్నా ఇంటికొస్తే ఊపిరి ఆడేది. నాకు అదొక్కటే మిగిలింది అనుకున్నా. అదీ లేదన్నమాట."

"నాన్నా," అంది జుమానా. "నేను చెప్పాగా. అమ్మ ఏదీ చూపించలేదని చెప్పాగా. నువ్వు నా తల నిమిరి సరే అన్నావు. నమ్మలేదా? నన్ను కూడా దొంగననుకున్నావా?"

కూతుర్ని దొంగ అనుకున్నానని ఖల్దూన్ తనకు తాను ఎప్పుడూ చెప్పుకోలేదు. కానీ దాన్ని ఇంకే పేరుతో పిలవాలి?

నజాత్ లేచి, లోపలికి వెళ్ళి, చిన్న సంచీ సర్దుకుని వచ్చింది. "మా నాన్న దగ్గరికి వెళ్తున్నా. జుమానా, వస్తావా?" జుమానా వెళ్ళి తల్లి పక్కన నిలబడింది.

"ఎక్కడికే?" అని హజ్జా ఫిద్దా అడ్డుపడబోయి, కోడలి మొహం చూసి ఆగిపోయింది. తర్వాత మెల్లగా అంది: "మోకాళ్ళు బాగుంటే నేనూ నీతో వచ్చేదాన్ని."

మరునాటి నుంచి ఇంటికి జనం రావడం మొదలుపెట్టారు. కబురు ఊరంతా పాకింది. కునాఫా పళ్ళేలతో వచ్చినవాళ్ళకు ఖల్దూన్ తలుపు తీసి, "ఊళ్ళో లేదండీ," అని చెప్పేవాడు. వాళ్ళు తెచ్చిన మిఠాయి బల్ల మీద ఎండిపోయేది.

"తిను," అంది తల్లి ఒకనాడు. "అభినందనల మిఠాయి. నీకే వచ్చింది."

"పుండు మీద కారం చల్లకమ్మా."

"చల్లుతా. నేను కాకపోతే ఎవరు చల్లుతారు? ఒరేయ్, నాకూ దానికీ పడదు. అది నీకూ తెలుసు, దానికీ తెలుసు. కానీ నాకు ఒక్కరోజు అనుమానం రాలేదు. ఎందుకో తెలుసా? కొట్లాడే మనిషిని రోజూ సరిగ్గా చూస్తాం కాబట్టి. నువ్వు ప్రేమించానని చూడ్డం మానేశావు."

ఖల్దూన్ మిఠాయి పళ్ళేన్ని పక్కకు జరిపాడు. "జాహా తీసుకెళ్తాను," అన్నాడు.

"తీసుకెళ్ళు. నన్నూ తీసుకెళ్ళు, మోకాళ్ళు పోతే పోనీ. కానీ హాజీ దైఫల్లా చేత నాలుగు తియ్యటి మాటలు చెప్పించి, నువ్వు మూల కూర్చుని మీసం సవరించుకుంటానంటే మాత్రం వెళ్ళకు."

నజాత్ తండ్రి అబూ గాలిబ్ ఇల్లు లోయకు అవతల ఊళ్ళో ఉంది. శుక్రవారం మధ్యాహ్న నమాజు అయ్యాక పెద్దమనుషులు నాలుగు కార్లలో అక్కడికి చేరారు. కోపగించుకుని పుట్టింటికి వెళ్ళిన భార్య కోసం జాహా వెళ్ళడం అక్కడ కొత్త కాదు. పెద్దలు వెళ్ళి కూర్చుంటారు. ముందు పెట్టిన కాఫీని ముట్టరు. పిల్లను పంపుతామని తండ్రి మాట ఇచ్చాకే తాగుతారు. అలకలు చాలావరకు ఆ కాఫీ చల్లారేలోపే తీరిపోతాయి.

గోడల పొడవునా పరిచిన పరుపుల మీద మగవాళ్ళు కూర్చున్నారు. పక్క గదిలో ఆడవాళ్ళు. కాఫీ పోశారు. హాజీ దైఫల్లా తన కప్పును ముందు పెట్టుకుని గొంతు సవరించుకున్నాడు.

"అబూ గాలిబ్, మీ ఇంటి గౌరవం మాకు తెలియనిది కాదు. మొగుడూ పెళ్ళాల మధ్య ఏదో చిన్న మాట..."

"చిన్న మాట కాదు హాజీ," అన్నాడు ఖల్దూన్. లేచి నిలబడ్డాడు. "నన్ను క్షమించండి. ఇది నేనే చెప్పాలి."

జాహాలో అల్లుడు నోరు విప్పడం ఎవరూ చూడలేదు. ఒకరిద్దరు అతని చెయ్యి పట్టి కూర్చోబెట్టబోయారు. అతను కూర్చోలేదు.

"నా భార్య దొంగతనం చేసిందని ఊళ్ళో చాలామంది అనుకున్నారు. వాళ్ళతో నేను కలబడ్డాను. కానీ నేనూ అదే అనుకున్నాను. వాళ్ళు పైకి అన్నారు, నేను లోపల పెట్టుకున్నాను, అంతే తేడా. వాళ్ళు మాట్లాడింది వీధిలో. నేను మాట్లాడింది విచారణ చేసే అధికారి దగ్గర. నా మాట వల్లే ఆమె ఇన్ని నెలలు దోషిలా బతికింది. నా కూతురు చదువు ఒక ఏడాది పోయింది. ఆమె చేయని తప్పుకు నేను ఆమెను క్షమించాను. అలా క్షమించినందుకు నేను గొప్పవాణ్ణి అనుకున్నాను." అతను పక్క గది గుమ్మం వైపు తిరిగాడు. "అంతకన్నా పెద్ద అవమానం నేనామెకు ఏం చేయగలను?"

హాజీ దైఫల్లా తలపాగా సర్దుకున్నాడు. తన ముందున్న కప్పు వంక చూస్తూ, ఎవరితోనో కాదు, తనతో తనే అన్నట్టు అన్నాడు:

"నేను నా మనవరాలిని బడి మాన్పించాను. నాకెవరూ ఏ రుజువూ చూపించలేదు. నేనూ అడగలేదు."

అబూ గాలిబ్ చేతికర్ర మీద బరువు మోపి ముందుకు వంగాడు. "జాహా వస్తే తండ్రి జవాబు చెప్పాలి. రివాజు అది. కానీ పరువు పోయింది నాది కాదు. జవాబు నాది కాదు." పక్క గది వైపు తిరిగి పిలిచాడు. "నజాత్! ఇలా రా తల్లీ."

ఆమె వచ్చి గుమ్మంలో నిలబడింది. వెనక జుమానా. ఖల్దూన్ తలెత్తి చూశాడు. అయిదు రోజుల్లో ఆమె చిక్కిపోయింది. కానీ కళ్ళు నేలను చూడటం లేదు.

"హాజీ, మీ మనవరాలు తెలివైన పిల్ల," అంది. "మళ్ళీ పంపండి. కానీ ఎందుకు మాన్పించారో, ఎందుకు మళ్ళీ పంపుతున్నారో, నిజం చెప్పి పంపండి. లేకపోతే ఆ పిల్ల నా పాఠం వింటూ కూడా నా చేతుల వైపే చూస్తుంది."

హాజీ తల ఊపాడు.

"నాకు ఎవరి మీదా పగ లేదు. భయం ఉంది. నేను గదిలోకి వచ్చేసరికి ఎవరైనా మాట ఆపితే, అది టీ తాగడానికి ఆపినా సరే, నా గురించే అనిపిస్తుంది. కాగితం మీద నేను నిర్దోషిని అని రాసిచ్చారు. ఈ భయానికి మాత్రం ఎవరూ ఏమీ రాసివ్వలేరు. అది తగ్గేదాకా నాకు కాస్త టైము కావాలి." ఆమె భర్త వైపు తిరిగింది. "ఇంటికి వస్తాను. ఆదివారం బడికి వెళ్తాను. కానీ క్షమించానని ఇప్పుడే అనను ఖల్దూన్. తేలిగ్గా క్షమించేస్తే ఏమవుతుందో నువ్వే చూపించావు."

"అనొద్దు," అన్నాడతను. కన్నీళ్ళు గడ్డంలోకి కారుతున్నాయి, తుడుచుకోలేదు. "నువ్వు ఎప్పటికీ అనకపోయినా సరే. ఇకనుంచి నేను నిన్ను అడుగుతాను. ఏదైనా సరే, ముందు నిన్నే అడుగుతాను."

జుమానా తల్లి వెనకనుంచి ముందుకొచ్చింది. "నన్ను కూడా," అంది.

"నిన్ను కూడా తల్లీ. నువ్వు చెప్పింది వింటాను."

పక్క గదిలోంచి హజ్జా ఫిద్దా గొంతు వినిపించింది: "అయిందా? ఇక ఆ పిల్లను కూర్చోనివ్వండర్రా! నిలబెట్టి విచారణలు చేసింది చాలదా?"

ఎవరో నవ్వారు. ఆ నవ్వుతో గది మొత్తం ఊపిరి పీల్చుకుంది. అబూ గాలిబ్ చెయ్యి ఊపి, "తాగండి, తాగండి," అన్నాడు. కప్పులు ఒక్కొక్కటిగా పైకి లేచాయి.

ఖల్దూన్ చేతిలో కప్పు వణుకుతోంది. కాఫీ వేళ్ళ మీద చిందుతోంది. నజాత్ అది చూసి రెండడుగులు ముందుకు వేసి, కప్పు అడుగున తన అరచెయ్యి ఆనించి పట్టుకుంది.

"తాగు," అంది మెల్లగా. "ఇల్లు దూరం. జుమానా కారులో నిద్రపోతే, దారంతా మనమిద్దరమే మాట్లాడుకోవాలి."